గోడకు అంటించిన కథ

1852 జనవరి 12, సోమవారం

ఇది మా అమ్మాయి ఎల్వీ బడిలో రాసుకున్న కాపీ పుస్తకం. వెనక ఇరవై ఆరు కాగితాలు ఖాళీగా మిగిలాయి. కాగితం వృథా చేయడం మా ఇంట్లో లేదు, అందుకే రాస్తున్నాను. ఇంకే కారణమూ లేదు. నేను బడికి వెళ్ళింది రెండు చలికాలాలే. తప్పులుంటే ఉంటాయి, చూసేదెవరు కనక.

దాని పేజీల వైపు వెళ్ళను. అది చివరగా రాసిన పేజీ దాకా అన్నీ కలిపి ఎర్ర ఊలుదారంతో కట్టేశాను.

ఇవాళ చిక్కుడు గింజలు ఉడికించాను. నేను బాగానే ఉన్నాను.

జనవరి 13

రొట్టె మాడింది. అత్తగారు "మాడిందమ్మా" అన్నారు. నాకూ ముక్కుంది.

జనవరి 17, శనివారం

లోయిస్ వదిన వచ్చింది. నవంబరులో మా చర్చి పెద్ద డీకన్ పెలెగ్ గారిని పెళ్ళి చేసుకుంది. ఆవిడకి యాభై రెండు, ఆయనకి అరవై ఒకటి. వీధిలో పక్కపక్కన నడవడానికి ఇద్దరికీ ఇంకా సిగ్గే. శాలువాలోంచి ఒక వారపత్రిక తీసి నా ఒళ్ళో పడేసింది.

"హల్దా, ఇది మీ ఇంట్లో దాచిపెట్టు. మా ఆయన చూశాడంటే పొయ్యిలోకి పోతుంది."

"ఏముందిందులో?"

"కథ. దక్షిణాది బానిస మనిషి కథ. రాసింది కూడా ఆడమనిషేనట. చదివిన రోజు నాకు తిండి సయించదు."

"మరెందుకు చదవడం?"

"వచ్చే వారం ఏమవుతుందో తెలియకపోతే ఆ తిండి అసలే సయించదు!"

అక్కడే కూర్చుని చదివి వినిపించింది. డోర్కస్ అని ఒక కుట్టుపని బానిస. ఆమె కొడుకుని ఆరేళ్ళప్పుడు నది దిగువకి అమ్మేశారు. దిగువ తోటల్లో పనివాళ్ళకి పంపే ముతక చొక్కాలు ఆమే కుడుతుంది. ప్రతి చొక్కా మెడ లోపల ఎవరికీ కనిపించకుండా చిన్న నీలి ఆకు కుడుతుంది. ఏదో ఒకనాడు వాడి ఒంటి మీదికి ఆ చొక్కా రాకపోతుందా, అమ్మ బతికే ఉందని తెలియకపోతుందా అని.

మూలన ఎనోస్ బూటు అడుగు కొడుతున్నాడు. మా ఆయన చెప్పులు కుడతాడు, ఊరికి కానిస్టేబులు కూడా. "పారిపోయొచ్చిన బానిసల్ని పట్టివ్వమన్న చట్టానికి ఆ పేపరు ఎదురు మాట్లాడుతుంది. నా చెవిన పడనివ్వకండి" అని సుత్తి గట్టిగా కొట్టాడు. నీలి ఆకు దగ్గరికి వచ్చేసరికి సుత్తి ఆగింది. మేకు వంకరపోయిందట.

జనవరి 24

మళ్ళీ పేపరొచ్చింది. ఇవాళ బొంతలు కుట్టడానికి ఎనిమిది మందిమి కూడాం. లోయిస్ వదిన చదువుతుంటే అందరూ ఒకటే ఏడుపు. ఒకావిడైతే బొంతలోనే ముక్కు తుడుచుకుంది.

నాకు ఒళ్ళు మండింది.

కాగితం మీద పిల్లవాడు! పుట్టలేదు, చావలేదు, వాడి మంచం ఏ గదిలోనూ లేదు. వాడి కోసం ఇన్ని జేబురుమాళ్ళు. అక్టోబరులో సమాధి దగ్గర్నుంచి వచ్చాక మా ఇంటికి మూడు రోజులు కూరలూ రొట్టెలూ తెచ్చిపెట్టారు. తర్వాత ఎవరూ దాని పేరెత్తలేదు. నేనున్నానంటే వాతావరణం గురించే మాట్లాడతారు. ఈ చలికాలం వాతావరణం గురించి నాకు తెలిసినంత ఇంకెవరికీ తెలీదు.

నేను ఏడవలేదు. ఉల్లిపాయలు తరిగాను.

జనవరి 29, గురువారం

గురువారాలు కెజయా మా ఇంటికి బట్టలుతకడానికి వస్తుంది. మిగతా రోజులు సత్రంలో పని. మిల్లు పైగదిలో ఉంటుంది. మూడేళ్ళ కింద మంచులో నడిచి వచ్చింది. ఎక్కణ్ణించి అని ఎవరూ అడగలేదు. బానిసలుండే మేరీలాండ్ నుంచి అని అందరికీ తెలుసు, ఎవరూ అనరు. ఎల్వీకి జడలు తనే వేసేది, నేను వేస్తే బిగుతని ఎల్వీ గోల.

బట్టలు పిండుతూ అడిగింది. "హల్దమ్మా, ఊరంతా ఏడుస్తున్న ఆ కథేదో నాకూ చదవండి."

చదివాను. నాది నత్త నడక, పెద్ద మాటల దగ్గర ఆగి ఊపిరి పీల్చుకోవాలి. కెజయా చివరిదాకా విని నవ్వింది.

"రాసినావిడ మంచిదే. కానీ ఈ డోర్కస్ ఒక్కసారైనా నవ్వదేమిటి? మా దొరకి దొడ్డికాళ్ళు. ఆయన అటు తిరగ్గానే పొలం పొలమంతా ఆయన నడక నడిచేది. ఆ నవ్వే లేకపోతే మేం ఎప్పుడో పోయేవాళ్ళం."

లేచి నడిచి చూపించింది. చేతిలో తడి దుప్పటి, దొడ్డికాళ్ళు, ముక్కు పైకి. నాకు నవ్వొచ్చింది. అక్టోబరు తర్వాత ఇంట్లో ఆ చప్పుడు కొత్త. అత్తగారు పక్కగదిలోంచి తొంగిచూసి వెళ్ళిపోయారు.

తర్వాత కెజయా బట్టలారేస్తూ అంది. "నాకూ ఒకర్తి ఉండేది. నెర్వీ. తొమ్మిదేళ్ళప్పుడు తీసుకుపోయారు. చొక్కా ఆలోచన నాకు రాలేదు చూడండి."

తొమ్మిది. నేను గిన్నెలు కడిగాను.

ఫిబ్రవరి 3

మంచం కోళ్ళకి మేకులు కావాలని ఎనోస్ పెట్టె తెరిచాను. ఊళ్ళో అందరి పాదాలకీ కొయ్య అచ్చులు అందులో ఉంటాయి, పేర్లతో సహా. వాటి అడుగున మడతపెట్టిన కాగితం. మేరీలాండ్‌లోని బాల్టిమోర్ లాయరుది. కానిస్టేబులుకి రాసింది.

"ముప్పై ఆరేళ్ళ నల్ల స్త్రీ. పని చేస్తూ కూనిరాగం తీస్తుంది. ఎడమ పాదానికి రెండు వేళ్ళు లేవు. మా మనిషి మార్చి నెలలో వస్తాడు. చట్టప్రకారం గుర్తించి అప్పగించవలెను."

రెండుసార్లు చదివాను. మా ఊళ్ళో కెజయా ఎడమ పాదం చూసినవాడు ఒక్కడే. ఖాళీ ఉన్నచోట గొర్రెబొచ్చు కూరి ఆమెకి బూట్లు కుట్టినవాడు.

కాగితం ఎలా ఉన్నదలా పెట్టేశాను. నేను చూడలేదు.

ఫిబ్రవరి 4

చూశాను.

ఫిబ్రవరి 8, ఆదివారం

మా అత్తగారు జెరూషా గారికి డెబ్భై నాలుగు. చదువు లేదు, చలి మాత్రం ఊళ్ళో అందరికంటే ముందు తెలుస్తుంది. నిన్న గాలి ఉత్తరం వైపుకి తిరిగింది. పిండి ఉడకేసి, గాలి దూరకుండా వంటింటి గోడకి పాత పేపర్లు అంటించారు. ప్రతి ఏడూ చేసే పనే. కాకపోతే ఈసారి పాత పేపర్లతో పాటు నిన్న మధ్యాహ్నం లోయిస్ వదిన దాచమని ఇచ్చిన కొత్త పేపరు కూడా అంటించారు. ఎవరూ చదవకముందే.

తలకిందులుగా.

"అత్తయ్యా, అది తలకిందులు!"

"గాలికి చదువొచ్చా? ఎటుపెట్టినా ఆగుతుంది."

ఫిబ్రవరి 10

లోయిస్ వదినకి చెప్పాల్సొచ్చింది. మెడ వంచి, నడుం వంచి, చివరికి బల్ల మీద వెల్లకిలా పడుకుని తల కిందికి వేలాడేసి చదివింది. టోపీ ఊడి చిక్కుడు గిన్నెలో పడింది. డోర్కస్ పారిపోయిందట! ఉత్తరాన ఒక పల్లెకి చేరిందట. చొక్కా మెడలోని నీలి ఆకు చూసి ఆ ఊరి కానిస్టేబులు ఆమెని పోల్చుకున్నాడట. చివరి వరుస ఇది: "ఆమె కొట్టంలో దాక్కుని ఉంది. కానిస్టేబులు తలుపు గడియ మీద చెయ్యి వేసి"

అంతే. మిగతాది కాగితం అవతలి వైపు. అంటే గోడ వైపు.

"వేసి? వేసి ఏం చేశాడే?" అని లోయిస్ వదిన గోడని కొట్టింది.

"పోనీ వచ్చే శనివారం పేపరులో తెలుస్తుందిగా" అన్నాను.

"వచ్చే శనివారం రాదు. మా ఆయనకి తెలిసిపోయింది. పేపరు ఆపెయ్యమని పోస్టుకి వెళ్ళి చెప్పొచ్చాడు."

ఎనోస్ అక్కడే ఉన్నాడు. బూటు కుడుతున్నాడు. తల ఎత్తలేదు.

ఫిబ్రవరి 13

ఊరంతా మా వంటింటికే వస్తోంది. ఒకరు ఉప్పు కావాలంటారు, ఒకరు అత్తగారి మోకాళ్ళు ఎలా ఉన్నాయంటారు. కాసేపటికి బల్ల మీద కాళ్ళు పైకి, తల కిందికి. మిల్లు యజమాని లేవలేకపోతే ఇద్దరం పట్టి లేపాం.

ఇవాళ మధ్యాహ్నం గుడ్లు తెచ్చి వంటింట్లోకి వచ్చేసరికి బల్ల మీద పొడుగాటి నల్ల కోటు. డీకన్ పెలెగ్ గారు. తెల్లగడ్డం నుదుటి మీద పడి ఉంది.

"డీకన్ గారూ!"

"నా భార్య ఎలాంటి విషం తాగుతోందో చూడడం నా బాధ్యతమ్మా" అన్నారు తలకిందులుగానే. కాసేపాగి, "గడియ మీద చెయ్యి వేసి... ఆ తర్వాతది ఏదీ?"

"గోడ వైపుందండి."

"మరి వచ్చే సంచిక?"

"మీరే ఆపించారటగా."

ఆయన లేచి కూర్చుని గడ్డం సర్దుకున్నారు. పోతూ పోతూ, "కోడిగుడ్లు బాగున్నాయి" అన్నారు.

రాత్రి భోజనం దగ్గర ఎనోస్‌కి చెప్పి నవ్వాను. అతనూ నవ్వాడు. తర్వాత ఇద్దరం పళ్ళేల్లోకి చూశాం.

ఫిబ్రవరి 16

ఎల్వీ పుట్టినరోజు. దాని గురించి రాయను.

పది నిండేవి.

ఫిబ్రవరి 21, శనివారం

ఇవాళ గోడ ఒలిచాం. లోయిస్ వదిన తెచ్చిన కెటిలు, నా కెటిళ్ళు రెండు, సత్రం నుంచి కెజయా తెచ్చిన పెద్ద కాగు. మరిగించి ఆవిరి పడితే పిండి వదులుతుందని డీకన్ గారి ఆలోచన. అవును, డీకన్ గారిదే. కోటు విప్పి, చొక్కా చేతులు మడిచి, కెటిలు గోడకి ఆనించి పట్టుకున్నారు. వంటింటి నిండా ఆవిరి. మా అత్తగారు కుర్చీలో కూర్చుని తిడుతున్నారు. "ఇల్లు కూలగొట్టండర్రా! నా వీపుకి గాలి తగిలి చస్తే గడియ మీద చెయ్యి ఎవడిదో పరలోకంలో అడిగి చెబుతాను!"

మూల వదిలింది. కెజయా వేళ్ళు సన్నగా, నేర్పుగా పోనిచ్చి చింపకుండా ఒలిచింది. కాగితం మొత్తం వచ్చింది. అందరం తిప్పి చూశాం.

పిండి, బూడిదరంగు, ఒక్క అక్షరం లేదు. సిరా మొత్తం గోడకి పోయింది. గోడ మీద చూస్తే ఒక మచ్చ.

తర్వాత అందరూ ఒక్కసారే మొదలెట్టారు.

"తలుపు తీసి పట్టుకుని ఉంటాడు. కానిస్టేబులు కదా" అన్నాడు మిల్లు యజమాని.

"తియ్యడు. ఎవరూ లేరని అబద్ధమాడతాడు" అంది లోయిస్ వదిన.

"అబద్ధం పాపం" అన్నారు డీకన్ గారు.

"అయితే మీరేం చేసేవాళ్ళు?"

"నేను కానిస్టేబుల్ని కాను" అని డీకన్ గారు కెటిలు కింద పెట్టారు.

అప్పుడు అందరూ ఎనోస్ వైపు చూశారు. ఎవరూ కావాలని చూడలేదు. ఊళ్ళో కానిస్టేబులు అతనొక్కడే, అంతే. ఎనోస్ చెవులు ఎర్రబడ్డాయి. చేతిలో ఉన్న బూటు చూశాను. కెజయాది. మడమ అరిగిందని వారం కింద ఇచ్చింది.

కెజయా మాత్రం కాగు ఎత్తుకుంటూ, "గడియ మీద చెయ్యి సంగతి మీరు తేల్చుకోండి. ఆ కొట్టానికి వెనక తలుపుందో లేదో నాకు అది కావాలి" అంది. అందరూ నవ్వారు. ఎనోస్ నవ్వలేదు, నేను నవ్వలేదు.

ఫిబ్రవరి 22

చర్చి నుంచి వస్తూ బండిలో అడిగేశాను.

"ఆ కాగితం చూశాను."

గుర్రం చాలా దూరం నడిచింది. "ఎప్పుడు?"

"మేకుల కోసం వెతికినప్పుడు. నువ్వేం చేస్తావు?"

"ప్రమాణం చేశాను, హల్దా. ఊరందరి ముందు చెయ్యెత్తి."

"ఆమె ఎల్వీకి జడలేసింది."

"తెలుసు."

"తెలిస్తే?"

"తెలిస్తే ఏమిటి, తెలిస్తే?" అన్నాడు. అరిచాడనుకో. గుర్రం ఆగిపోయింది. తర్వాత గొంతు తగ్గించి, "ఎల్వీ బూట్ల అచ్చు ఇంకా పెట్టెలోనే ఉంది. దాన్ని ముట్టుకోకుండా కింది కాగితం తియ్యలేను. అందుకే అక్కడ పెట్టాను" అన్నాడు.

ఇన్నాళ్ళూ అతను మర్చిపోయాడనుకున్నాను. పనిలో పడి మర్చిపోయాడని. పెళ్ళై పదమూడేళ్ళు.

ఫిబ్రవరి 26, గురువారం

కెజయాకి చెప్పాను. ఆమె సబ్బు రుద్దడం ఆపలేదు.

"నాకు తెలుసు హల్దమ్మా. మీ ఆయన నా ఎడమ పాదం కొలత రెండోసారి తీశాడు. వేళ్ళేం మొలుస్తాయా మళ్ళీ? కొలతలు తీసేటప్పుడు నా మొహం చూడలేదు. అప్పుడే అనుకున్నాను, ఎక్కణ్ణించో ఉత్తరం వచ్చిందని."

"మరి వెళ్ళిపోవేం?"

"ఈ మంచులోనా? ఆ రెండు వేళ్ళూ ఎక్కడ పోయాయనుకున్నారు? దారులు తెరుచుకోనీండి. ఈసారి పరుగెత్తను. బూట్లేసుకుని నడిచి వెళతాను." కాస్సేపటికి, "అంతదాకా నాకు అక్షరాలు నేర్పండి. గోడ నిండా ఉన్నాయి, ఊరికే పోతున్నాయి."

గోడ మీది పేపర్లు చూపించి నేర్పుతున్నాను. నాకొచ్చిందే కొంచెం. పలక లేదని ఈ పుస్తకమే వెనక నుంచి ఇచ్చాను. దారం కట్టిన పేజీల జోలికి వెళ్ళొద్దన్నాను. ఎందుకని అడగలేదు.

అత్తగారు కూడా చూస్తున్నారు. "అదేమిటి, గుండ్రంగా ఉన్నది?" అని ఒకసారి అడిగారు. చెప్పాను. "ఊఁ, గుండ్రంగా ఉంటే గాలి దూరుతుంది" అన్నారు.

మార్చి 4

మేపుల్ చెట్ల నుంచి తీపి నీళ్ళు కారడం మొదలైంది. రోజంతా మేపుల్ పాకం కాచాం. జుట్టంతా జిగట. కెజయా పది అక్షరాలు తప్పులేకుండా రాసింది.

మార్చి 8, సోమవారం

వచ్చాడు. లాయరు పంపిన మనిషి, గాంట్ అట పేరు. మంచి గ్లోవ్స్. సత్రంలో దిగి, సూటిగా మా ఇంటికే వచ్చాడు. కెజయాని పొద్దున్నే లోయిస్ వదిన తన ఇంటికి తీసుకుపోయింది. డీకన్ గారింటికి! మా వంటింట్లో అక్షరాలు నేర్చుకుంటోందని గాంట్‌కి ఎవరో చెప్పేశారు కాబోలు, గోడ వైపు అసహ్యంగా చూశాడు.

"కానిస్టేబుల్ గారూ, రేపు పొద్దున్న మీరు నాతో రావాలి. పాదం చూసి గుర్తించాలి."

"రేపు ఊరి సభ. రేపటితో నా ఏడాది అయిపోతుంది. ఎవరు ఎన్నికైతే వాళ్ళని అడగండి" అన్నాడు ఎనోస్.

"మళ్ళీ మీరే ఎన్నికవుతారుగా. ఆరేళ్ళుగా మీరేనట."

గాంట్ వెళ్ళాక ఎనోస్ తన నల్లకర్ర తీసి, నూనెగుడ్డతో తుడిచాడు. కానిస్టేబులు కర్ర. ప్రతి ఏడూ సభకి ముందు తుడుస్తాడు. నేనేమీ అడగలేదు. అడిగితే ఏం చెబుతాడో అని.

మార్చి 9, మంగళవారం

వరుసగా రాస్తాను. నవ్వు ఇంకా ఆగలేదు.

సభకి ఆడవాళ్ళు పోరు. వెనక గదిలో వంట మాది. చిక్కుడు, పంది మాంసం, యాపిల్ రొట్టెలు. తలుపు ఓరగా తెరిచి పెట్టుకుంటాం. కూర వాసన లోపలికి పోవాలని చెబుతాం, మాటలు బయటికి రావాలని అసలు సంగతి. గాంట్ వెనక బెంచీ మీద కూర్చున్నాడు.

పెద్దల ఎన్నిక అయింది. కానిస్టేబులు పేరు అడిగారు. అలవాటుగా ఎవరో "ఎనోస్" అన్నారు. ఎనోస్ లేచాడు. నల్లకర్ర తీసుకెళ్ళి బల్ల మీద అడ్డంగా పెట్టాడు.

మా ఆయన సభలో మాట్లాడే మనిషి కాదు. ఆరేళ్ళలో ఆరు మాటలు మాట్లాడి ఉంటాడు.

"ఈ ఊళ్ళో అందరి పాదాలూ నాకు తెలుసు" అన్నాడు. "ఎవరికి ఆనెలున్నాయో, ఎవరికి ఒక కాలు పొట్టో, ఎవరు సరిగ్గా నడుస్తున్నట్టు నటిస్తారో. బూట్లు కుట్టమని నా చేతికిచ్చారు ఆ పాదాలు. పట్టివ్వమని కాదు. ఈ కర్ర పట్టుకుంటే నేను చెప్పాలి. అందుకని పట్టుకోను."

కూర్చున్నాడు. లోయిస్ వదిన నా చెయ్యి గిల్లింది, రక్తమొచ్చింది.

సభ పెద్ద ఇంకో పేరు పిలిచాడు. మిల్లు యజమాని: "నాకు నడుం నొప్పి. ఆ బల్ల మీంచి లేచినప్పట్నుంచీ." ఇంకొకడు, చెవుడన్నాడు. నిన్నటిదాకా చీమ తుమ్మినా వినేవాడు. ఇంకొకడు, "గడియ మీద చెయ్యి వేసే పని నా వల్ల కాదు" అన్నాడు, అందరూ బెంచీలు చరిచారు. పదకొండు మంది. ఒక్కడూ ఒప్పుకోలేదు. ఒప్పుకుంటాడేమో అని భయపడ్డవాడు కూడా పక్కవాణ్ణి చూసి కూర్చున్నాడు. చివరికి, "ఈ పూటకి ఖాళీ ఉంచి తర్వాతి పదవికి పోదాం" అని రాసుకున్నారు.

తర్వాతివన్నీ అయ్యాక ఆఖరున పందుల అధికారి. పంట మీద పడ్డ పందుల్ని పట్టి దొడ్లో వేసే పని. ఆ ఏడు కొత్తగా పెళ్ళైనవాడికే అది కట్టబెట్టడం మా ఊరి వేళాకోళం. ఈ ఏడు కొత్త పెళ్ళికొడుకు ఒక్కరే. సభ ఘొల్లుమంది. డీకన్ పెలెగ్ గారు అరవై ఒక్కేళ్ళ గడ్డంతో లేచి, చెయ్యెత్తి, బైబిలు మీద ప్రమాణం చేసినంత గంభీరంగా ప్రమాణం చేశారు.

అప్పుడు గాంట్ లేచాడు. "ఇది చట్టాన్ని ఎగతాళి చేయడం! ఈ ఊళ్ళో ప్రమాణం చేసిన అధికారి ఒక్కడూ లేడా? పట్టుకునే అధికారం ఎవడికీ లేదా?"

"నాకుంది" అన్నారు డీకన్ గారు.

లోయిస్ వదిన మొహం తెల్లబోయింది. చర్చిలో చట్టం చట్టమే అని మూడు ఆదివారాలు చెప్పిన మనిషి. నడవలో నడుచుకుంటూ గాంట్ ముందుకి పోయారు. ఆయన్ని పైనుంచి కిందికి చూశారు.

"ఇవాళ ఈ ఊళ్ళో పట్టుకునే అధికారం నా ఒక్కడిదే, అయ్యా. కానీ అది పందుల వరకే. ఊరు కాని ఊరొచ్చి, కంచె దాటి, ఇంకొకరి దొడ్లో మూతి పెట్టేవాటిని. తమరు ఆ లెక్కలోకి వస్తారా? వస్తే నాతో రండి, దొడ్డి చూపిస్తాను."

నేను గరిటె కింద పడేశాను. ఆ నవ్వుకి మీటింగు ఇంటి కిటికీలు అదిరాయి. గాంట్ టోపీ తీసుకుని పోయాడు. పెద్ద పట్నం వెళ్ళి అక్కణ్ణించి అసలు అధికారుల్ని తెస్తానన్నాడు. తెస్తాడు కూడా. నాలుగు రోజులు పడుతుంది.

సాయంత్రం లోయిస్ వదిన తన మొగుడి చెయ్యి పట్టుకుని వీధి మధ్య నడిచింది.

మార్చి 10

కెజయా వెళ్ళింది. ఎనోస్ మంచుబండి కట్టాడు. "ఇప్పుడు నేను కానిస్టేబుల్ని కాను. ఎవరినైనా ఎక్కించుకుంటాను" అన్నాడు. కెనడా సరిహద్దు గీత దాకా మూడు రోజులు, అది దాటితే ఈ చట్టం లేదు. కొత్త బూట్లు కుట్టాడు, రెండోసారి తీసిన కొలతతో. దానికోసమే తీశాడట! నేనూ కెజయా ఇద్దరం ఏమనుకున్నామో. అతనికి చెప్పలేదు. కొలత తీసేటప్పుడు దేనికోసం తీస్తున్నాడో అతనికైనా తెలుసో లేదో.

బండెక్కుతూ కెజయా నన్ను పట్టుకుంది. "ఏడవకు హల్దా. దొడ్డికాళ్ళ నడక గుర్తుచేసుకో."

బండి మలుపు తిరిగేదాకా అత్తగారు వాకిట్లోనే ఉన్నారు, ఆ గాలిలో.

మార్చి 11

పుస్తకం తెరిచాను. ఎర్రదారం ముడి మారి ఉంది.

నాకు గుండె ఆగినంత కోపం. చెప్పాను కదా, ఆ పేజీల జోలికి వెళ్ళొద్దని చెప్పాను కదా. విప్పాను. ఐదు నెలల తర్వాత విప్పాను.

చివరి పేజీ. పైన పంతులమ్మ రాసిన వాక్యం: "మంచు కరగగానే వాగు మిల్లు వైపు పరుగెత్తుతుంది." కింద ఎల్వీ నాలుగుసార్లు రాసింది, వంకరగా, సిరా చుక్కలతో. ఐదోది "మంచు కరగగానే వాగు" దగ్గర ఆగింది. ఆ రోజే తలనొప్పని ఇంటికొచ్చింది.

ఇప్పుడు ఆ వరుస ఆగి లేదు. పెద్ద పెద్ద అక్షరాలతో, కాగితం చిరిగేంత గట్టిగా నొక్కి, ఇంకో చెయ్యి రాసింది: "మిల్లు వైపు పరుగెత్తుతుంది."

దాని కింద, ఒక్కటే మాట: నెర్వీ.

ఉల్లిపాయలు లేవు. ఏడ్చాను. ఏడిస్తే చచ్చిపోతానేమో అనుకున్నాను ఇన్నాళ్ళూ, అంతా అయ్యాక లేచి రొట్టె చేశాను. మాడలేదు.

మార్చి 17

ఎనోస్ వచ్చాడు. క్షేమంగా దాటించాడు. గీత దాటాక కెజయా బండి దిగి నడిచిందట, ఊరికే, పది అడుగులు, వెనక్కీ ముందుకీ. దొడ్డికాళ్ళతో.

గాంట్ పట్నం మనుషులతో వచ్చి, ఖాళీ గది చూసుకుని పోయాడు. పందుల దొడ్డి తాళం తీసే ఉంచారు డీకన్ గారు.

ఏప్రిల్ 3

పేపరు మళ్ళీ తెప్పిస్తున్నారు డీకన్ గారు, తన పేరు మీదే. వదిన చెల్లెలు పాత సంచికలు కూడా పంపింది. ఫిబ్రవరి ఏడుది. మా వంటింట్లో అందరూ చేరాక తిప్పి చదివింది లోయిస్ వదిన.

"కానిస్టేబులు తలుపు గడియ మీద చెయ్యి వేసి, బయట నుంచి బిగించి, దక్షిణాది మనుషుల్ని కేకేశాడు."

అందరం మళ్ళీ ఎనోస్ వైపే చూశాం. అతను నోట్లోని మేకులు తీసి చేతిలో పెట్టుకున్నాడు.

"అలాగా" అన్నాడు. "నేను తెరిచాడేమో అనుకున్నాను."

నవంబరు 3

నిన్న పెద్ద ఎన్నిక. బానిసత్వం వద్దనే పార్టీకి మా ఊళ్ళో పోయినసారి నాలుగు ఓట్లు. ఈసారి ముప్పై ఎనిమిది. దేశంలో ఓడిపోయారనుకో. అయినా మిల్లు యజమాని కూడా వేశాడు. ఆ కథ ఇప్పుడు పుస్తకంగా వచ్చింది, పై ఊళ్ళలో కూడా ఒక్కో పుస్తకం పది ఇళ్ళు తిరుగుతోందట. నడుం నొప్పి లేకుండా చదువుతున్నారు, అదృష్టవంతులు.

కెజయా ఉత్తరం వచ్చింది. తన చేతిరాతే. "ఆవుని కొన్నాను. బూట్లు బాగున్నాయి. నెర్వీ కోసం ఉత్తరాలు రాస్తున్నాను, నాలుగు చోట్లకి. పందులెలా ఉన్నాయి?"

ఇవాళ గాలి ఉత్తరానికి తిరిగింది. అత్తగారు పిండి ఉడికించారు. పేపరు చేతిలో పట్టుకుని గోడ ముందు నిలబడ్డారు.

"ఏది పైకే, కోడలా? ముందు చదువు. రెండు వైపులా చదివి అప్పుడివ్వు. నేనీ గోడతో మళ్ళీ పడలేను."

చదివాను. ఒక్కో కాగితమే, రెండు వైపులా. గోడ సగానికి వచ్చేసరికి పేపర్లు అయిపోయాయి. ఆవిడ చేతులు తుడుచుకుని కుర్చీలో కూర్చున్నారు. ఈ ఏడాదిలో ఒక్కసారి కూడా దాని పేరెత్తలేదు ఆవిడ.

"ఎల్వీ రాసింది కూడా చదువు" అన్నారు.

ఎర్రదారం విప్పాను. ఐదు వరుసలూ చదివాను.